సినిమాల్లో టిహువానా అంత పసుపుగా ఎందుకుంటుంది?

ప్రశ్న: హాలీవుడ్ సినిమాల్లో సరిహద్దు దాటి మెక్సికోలోని టిహువానా రాగానే తెరకు పసుపు పూసినట్టుంటుంది. పక్కనే ఉన్న అమెరికా ఊరు శాన్ డియాగోకి ఆ జబ్బు లేదేం?

జవాబు: 2000లో వచ్చిన ‘ట్రాఫిక్’ నుంచి అది బాగా పాకింది. మెక్సికో సీన్లకు లెన్సు ముందు టొబాకో ఫిల్టర్ (పొగాకు రంగు ఫిల్టర్) పెట్టారు, ఒక్కో ఫ్రేముపై వెలుతురు పడే సమయాన్ని నిర్ణయించే షట్టర్ కోణం 45 డిగ్రీలకు తగ్గించారు. ఫిల్టర్ నీలాన్ని మింగేస్తుంది, ఆకాశం మట్టిరంగుకి తిరుగుతుంది. షట్టర్ వల్ల కదలికలు తెగితెగి కనిపిస్తాయి. ఎండ మాత్రం రెండు ఊళ్లలోనూ ఒకటే!

జవాబు: సరిహద్దు ఊరిని ఉన్నదున్నట్టు చూపకపోవడం హాలీవుడ్‌కి పాత అలవాటే లెండి. 1958 నాటి ‘టచ్ ఆఫ్ ఈవిల్’లో సరిహద్దు ఊరుగా చూపించింది కాలిఫోర్నియాలోని వెనిస్‌నే.

జవాబు: టిహువానా అసలు గుర్తు అవెనిదా రెవల్యూసియోన్ అనే వీధిలోని చారల గాడిద. నలుపు తెలుపు ఫొటోల్లో తెల్ల గాడిద సరిగా పడట్లేదని జీబ్రా చారలు గీశారు. ఫిల్టర్ కన్నా అదే నయం.