1080పి అంటోంది, మరి ఈ మసకేంటి?

విజయవాడ నుంచి: గవర్నర్‌పేటలో సెకండ్‌హ్యాండ్ ఎక్స్‌బాక్స్ 360 గేమ్ కన్సోల్ కొన్నాను. సెట్టింగ్స్‌లో 1080పి పెట్టినా హాలో 3 గేమ్‌లో తుపాకీ అంచులు మెట్లుమెట్లుగా ఉన్నాయి. కేబుల్ మార్చాలా?

బ్రాడీపేట అన్న: కేబుల్‌కి డబ్బులు తగలేయకు తమ్ముడూ. 1080 అనేది టీవీకి పంపే బొమ్మ సైజు (1920×1080). ఆ గేమ్ లోపల గీసేది 1152×640 మాత్రమే, మిగతాది ఎక్స్‌బాక్స్‌లోని స్కేలర్ (బొమ్మ సైజు పెంచేది) సాగదీస్తుంది. వెలుగునీడల కోసం ఈ గేమ్ చేసిన బంగీ వాళ్లు రెండు ఫ్రేమ్ బఫర్లు (గీసిన బొమ్మ పెట్టుకునే మెమరీ చోటు) వాడారు. అవి పట్టాల్సిన ఈడీర్యామ్ (గ్రాఫిక్స్ చిప్ వాడే చిన్న, వేగమైన మెమరీ) చూస్తే 10 ఎంబీ! కాల్ ఆఫ్ డ్యూటీ 4 ఇంకా తక్కువ, 1024×600. అయినా ఆడేటప్పుడు ఎవడికి గుర్తుంటుంది?

పటమట నుంచి: టీవీలో షార్ప్‌నెస్ తగ్గించి చూడండి. ఎక్కువుంటే ఆ మెట్లే ఇంకా కొట్టొచ్చినట్టు కనిపిస్తాయి.

విజయవాడ నుంచి: తగ్గించాను. కాస్త నయం అన్నా. 720పి పెడితే?

బ్రాడీపేట అన్న: అప్పుడు మిగతా సాగదీత మీ టీవీ చేస్తుంది. రెండూ పెట్టి చూసుకో.