కొటియా హద్దు తేలాలంటే కొలత చాలునా?

సాలూరు నివాసి: ఆంధ్ర, ఒడిశా సరిహద్దు కొండల్లోని కొటియా పల్లెల్లో ఉమ్మడి సర్వే జరిపి హద్దు రాళ్లు పాతితే, అవి ఏ రాష్ట్రానివన్న తగవు తీరిపోతుందని నిన్న ఇక్కడ ఒకరు రాశారు. తీరదని నా అభిప్రాయం. మీరేమంటారు?

విశ్రాంత సర్వేయరు: తప్పక తీరుతుంది. 1936 ఏప్రిల్ 1న ఒడిశా వేరుపడినప్పుడు ఈ 21 పల్లెలు సర్వే కాకుండా మిగిలిపోవడమే మొత్తం చిక్కుకు మూలం. 1968లో ఒడిశా సుప్రీంకోర్టుకు వెళ్లింది. 2006లో కోర్టు హద్దు ఏదో తేల్చకుండా యథాతథ స్థితిని కొనసాగించమంది. కొలత లేని చోట ఏ కోర్టయినా ఏం చేస్తుంది? కొండ గుండు మీద వృత్తం, మధ్యలో చుక్క చెక్కిన పాత త్రికోణ సర్వే (నేలను త్రికోణాలుగా విడదీసి కొలిచే పద్ధతి) గుర్తులను ఆధారం చేసుకుని, కొండ శిఖరం వెంబడి వాన నీరు రెండు వైపులకు చీలే గీతను పట్టుకుంటే, ఏ ఇల్లు ఎటు పడుతుందో వేలెత్తి చూపవచ్చు.

పాచిపెంట కుర్రాడు: వాన నీరు చీలే గీతే హద్దని ఏ ఉత్తర్వులో ఉంది? అది చూపండి.

విశ్రాంత సర్వేయరు: కొండసీమలో హద్దులకు శిఖరరేఖను పట్టుకోవడం పాత పద్ధతే.

పాచిపెంట కుర్రాడు: పద్ధతిని అడగలేదండీ, ఉత్తర్వును అడిగాను.

సాలూరు నివాసి: ఈ నీటి సంగతి దగ్గరే ఆగిపోతున్నాం. మా బంధువుల ఇంట్లో రేకు పెట్టె తెరిస్తే రెండు రాష్ట్రాల రేషన్ కార్డులూ, రెండు ఓటరు కార్డులూ ఒకే గుడ్డలో చుట్టి ఉంటాయి. ఆ ఇంటి అబ్బాయికి కాలేజీలో చేరడానికి గిరిజన ధ్రువపత్రం కావలసి వస్తే, ఒక కార్యాలయంలో ‘మీరు అటువాళ్లు’ అని వెనక్కి పంపారు, రెండోచోట ‘ఇటువాళ్లు’ అన్నారు, చేరే గడువు దాటిపోయింది. ఓట్లు కావలసినప్పుడు మాత్రం 2021 పంచాయతీ ఎన్నికలు మనం జరిపించాం, ఒడిశా కోర్టు ధిక్కార పిటిషన్ వేసింది. మీ రాయి పడేదాకా ఆ పిల్లవాడి చదువు ఆగాలా?

విశ్రాంత సర్వేయరు: మీ బాధను కాదనను, కానీ రెండు కార్డులు తీసుకున్నవారికి రెండు చిక్కులూ ఉంటాయి.

సాలూరు నివాసి: ఆ మాట అనడానికి మీకు మనసెలా వచ్చింది? రోడ్డు, బడి, పింఛను ఎవరిస్తే వారి దగ్గర పుచ్చుకోక కొండమీది మనిషి ఏం చేయాలి?

పలాస మిత్రుడు: దయచేసి ఇద్దరూ శాంతించండి.

సాలూరు నివాసి: శాంతంగానే అడుగుతాను. కొలత అయ్యాక గీత వాళ్లను అటు పడేస్తే, ఇటు ఉంటామని వాళ్లు చెప్పినా వినరా?

విశ్రాంత సర్వేయరు: వినకూడదు. ఒక్కచోట విన్నారంటే రాష్ట్రాల మధ్య ఏ హద్దూ నిలవదు. రాజ్యాంగం మూడో అధికరణం ప్రకారం హద్దు మార్చే అధికారం పార్లమెంటుది, గ్రామసభది కాదు.

పాతపట్నం పెద్దాయన: మరి 1936లో మా పక్కనున్న పర్లాకిమిడిని ఒడిశాలో కలిపినప్పుడు అక్కడి తెలుగువాళ్ల అభ్యంతరం ఎవరు లెక్కచేశారు? ఆ తప్పునే మళ్లీ చేసి కొటియావాళ్ల నోరు కూడా మూయించడం న్యాయం కాదు. పార్లమెంటే తేల్చనివ్వండి, కానీ ముందుగా ఆ 21 పల్లెల మాట రాతపూర్వకంగా తీసుకుని తేల్చనివ్వండి.

విశ్రాంత సర్వేయరు: తీసుకున్న మాట గీతకు విరుద్ధంగా ఉంటే?

పాతపట్నం పెద్దాయన: అప్పుడు గీతనే జరపాలి. మీకూ నాకూ పేచీ అక్కడే ఉంది, వాన నీటి దగ్గర కాదు.