ఉగాది వేడుకలో ఏనుగుల చిత్రం: సమయం, పనుల పంపకం

కార్యక్రమాల సమన్వయం, సోమవారం

అందరికీ నమస్కారం. మెల్‌బోర్న్ ఉగాది వేడుకలో మధ్యాహ్నం భాగం ఇంకా తేలలేదు. వన్యప్రాణుల మీద డాక్యుమెంటరీలు తీసే తిరుపతి దర్శకురాలు చిత్తూరు జిల్లా కౌండిన్య అడవి ఏనుగుల మీద తీసిన తన చిత్రాన్ని మనకు ఉచితంగా చూపించుకోనిస్తామన్నారు. నిడివి 42 నిమిషాలు. నృత్యాలకూ బహుమతులకూ నడుమ మనకు పది నిమిషాలే ఉన్నాయి. ఏనుగులు చెరువులో ఆడుకునే దృశ్యాలు మాత్రం తీసుకుని, వెనుక పాట కలిపి వేస్తే సరిపోతుందా? సెలవుకు తిరుపతి వెళ్లిన తమ్ముడు ఆమెను కలిసి చెప్పాలి.

తిరుపతి నుంచి, గురువారం రాత్రి

అక్కా, కలిశాను. రెండు రోజులు ఆమె వెంట పలమనేరు వైపు కూడా వెళ్లివచ్చాను. ఆ చిత్రాన్ని పది నిమిషాలకు కత్తిరించవద్దని నా మనవి.

మనలో చాలామందిమి చిత్తూరు జిల్లాలో పుట్టినవాళ్లమే, అయినా ఈ ఏనుగుల సంగతి మనకు తెలిసింది తక్కువ. 1980లలో తమిళనాడు, కర్ణాటక అడవుల నుంచి మందలు కుప్పం, పలమనేరు ప్రాంతానికి వచ్చాయి. 1990లో కౌండిన్య అభయారణ్యం ఏర్పడింది. విస్తీర్ణం సుమారు 357 చదరపు కిలోమీటర్లు. అడవి దాటితే పొలాలే. చెరకు, అరటి, వరి అన్నీ ఏనుగుకు ఇష్టమైనవే. ఒక్క రాత్రిలో అది తిని తొక్కి పోయింది రైతుకు ఏడాది కష్టం.

మేము వెళ్లిన రెండు రోజులూ ఒక్క ఏనుగు కనబడలేదు. ఆమె కెమెరా సంచి విప్పనే లేదు. మంచె మీద కాపలా ఉన్న పెద్దాయన పక్కన కూర్చుని, ఎన్ని అరటి చెట్లు పోయాయో, పరిహారం ఎంతవరకు వచ్చిందో వింటూ ఉండిపోయారు. తన పనిలో ముప్పాతిక ఇదేనన్నారు. అటవీశాఖ అనుమతి, పేడనూ కాలిముద్రనూ చూసి మంద ఎటు పోయిందో చెప్పగలిగే ట్రాకర్ల తోడు, మన వాసన ఏనుగుకు చేరకుండా గాలివాటం చూసి చోటు ఎంచుకోవడం, ఇవన్నీ ఆ తరువాతే. దృశ్యం బాగా వస్తుందని ఎర వేయడం గాని, డ్రోనును మంద మీదికి దించడం గాని ఆమె చేయరు.

ఇప్పుడు అసలు విషయం. చిత్రం చివరి భాగంలో, అడవి పందుల కోసమని కరెంటు పెట్టిన తీగ తగిలి ఒక ఏనుగు చనిపోతుంది. ఊరివాళ్లు దానికి పసుపు, కుంకుమ పెట్టి, పూలదండలు వేసి, వినాయకుడికి మొక్కినట్లు మొక్కి సాగనంపుతారు. ముందు రాత్రి టపాకాయలు కాల్చి దాన్ని తరిమింది కూడా వాళ్లే. తీగ కట్టిన రైతు మాట్లాడుతున్నంతసేపు ఆయన చేతులే కనిపిస్తాయి, ముఖం కనిపించదు. ఊరి పేరు కూడా చెప్పలేదు. ఆ మాటల కోసం ఆమె ఆ ఇంటికి కెమెరా లేకుండా నెలల తరబడి వెళ్లారు. మనం పాట కలిపి జలక్రీడలు మాత్రం చూపిస్తే ఆ రైతూ పోతాడు, ఆ ఏనుగూ పోతుంది.

పండుగ పూట విషాదం ఎందుకన్న సందేహం నాకు అర్థమవుతుంది. కానీ గుజరాత్ తీరంలో తిమింగల సొరచేపల వేటను డాక్యుమెంటరీ దర్శకుడు మైక్ పాండే దాచకుండా చూపించారు. ఆ తరువాత 2001లో ఆ చేపకు వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద మొదటి షెడ్యూలు రక్షణ, అంటే అన్నిటికన్నా గట్టి రక్షణ వచ్చింది. నీళ్లలో ఈదే అందం ఒక్కటే చూపి ఉంటే చట్టం దాకా వెళ్లేదని నేను అనుకోను.

గోడపత్రికకు దర్శకురాలు తీసిన దేవాంగ పిల్లి (పెద్ద కళ్ల చిన్న అడవి జంతువు, ఇంగ్లీషులో స్లెండర్ లోరిస్) ఫోటో వాడుకోవచ్చు. అది ఏ అడవిలో, ఏ చోట తీసిందో మాత్రం ఎక్కడా రాయవద్దన్నారు. మూఢనమ్మకాలతో దాన్ని పట్టేవాళ్లు ఇంకా ఉన్నారు.

ధ్వని, తెర బాధ్యత, శుక్రవారం

పూర్తి చిత్రం వేద్దాం. రాత్రి దృశ్యాలు ఎక్కువ కాబట్టి హాలు కిటికీలకు నల్ల తెరలు కావాలి. ఏనుగు గొంతులో కొంత మన చెవికి అందనంత తక్కువ స్థాయిలో ఉంటుంది, అందే గర్జన కూడా చిన్న స్పీకర్లలో పోతుంది. పెద్ద బాస్ స్పీకరు అద్దెకు తెస్తాను.

పిల్లల విభాగం, శుక్రవారం

తీగ దృశ్యం గురించి తల్లిదండ్రులకు ముందే చెప్పాలి, అన్నా. ఆరేళ్లలోపు పిల్లలను పక్క గదిలో కూర్చోబెట్టి మట్టితో ఏనుగులు చేయిస్తాం. నాకు ఇంకో ఇద్దరు సాయం కావాలి.

కార్యక్రమాల సమన్వయం, శనివారం

తమ్ముడూ, నీ ఉత్తరం రెండుసార్లు చదివాను. బహుమతులను ఉదయానికి మార్చాను. సాయంత్రం 4 నుంచి 5:15 వరకు చిత్రానికే. చిత్రం అయ్యాక ఆమెతో వీడియోలో ముచ్చట. మన 4:45 అంటే అక్కడ ఉదయం 11:15, ఆమెకు వీలవుతుందా?

తిరుపతి నుంచి, శనివారం

వీలవుతుందన్నారు, అక్కా. మంచె మీది పెద్దాయనను కూడా పిలుచుకువస్తామన్నారు, ఆయన తెలుగు మాటలను పిల్లల కోసం ఎవరైనా ఇంగ్లీషులో చెప్పాలి, ఆ పని నేను తీసుకుంటాను. ఉపశీర్షికలు ఉన్న చిత్రం కాపీ ఈ బుధవారం నా చేతికి వస్తుంది.