సమస్యాపూరణం: “పిట్ట తరుమగ గద్దయె పెట్టె పరుగు”

నిర్వాహకుడు, నెల్లూరు:

ఈ వారం సమస్య తేటగీతి అనే ఛందస్సులో నాలుగో పాదం; మొదటి మూడు పాదాలు మీరు కట్టాలి. యతి, అంటే పాదం మొదటి అక్షరానికీ నాలుగో గణం మొదటి అక్షరానికీ ఉండవలసిన పొత్తు, పి, పె లకు కుదిరింది. మూడో పాదం ద్రుతంతో (నకారంతో) ముగిస్తే సరళాదేశం చేసి, అంటే ప ను బ గా మార్చి, “బిట్ట తరుమగ” అని ఎత్తుకున్నా అభ్యంతరం లేదు. బి, పె లకూ యతి చెల్లుతుంది. అసంభవాన్ని సంభవం చేయడమే సమస్యాపూరణం కనుక, పిల్లల్ని ఎత్తుకుపోయే గద్ద ఒక పిట్టకు జడిసి పారిపోవడం ఎలా సాధ్యమో మీ చమత్కారంతో నిరూపించండి.

కావలి సభ్యుని పూరణం:

నిదుర పోవుచు నొక వింత నేను గంటి:
కప్ప పామును దినుచుండెఁ గడుపు నిండ,
మేఁక బెదరింప బెబ్బులి మిన్నకుండె,
పిట్ట తరుమగ గద్దయె పెట్టె పరుగు.

నిర్వాహకుడు: అయ్యా, నడక నున్నగా ఉంది, గణాల్లోనూ యతిలోనూ వేలుపెట్టి చూపగల లోపం లేదు, “మేఁక బెదరింప బెబ్బులి మిన్నకుండె” అన్న పాదం చదివి నవ్వుకున్నాను కూడా. అయితే కల అనే తాళంచెవి లోకంలోని ప్రతి సమస్యకూ పడుతుంది. గద్ద స్థానంలో ఏనుగును, పిట్ట స్థానంలో చీమను పెట్టినా మీ మొదటి మూడు పాదాలలో ఒక్క అక్షరం మార్చనక్కర లేదు. సమస్యలోని రెండు పక్షులతో పూరణానికి ఏ చుట్టరికమూ లేకపోవడమే దీని లోటు.

ఆత్మకూరు నుండి కొత్తగా చేరిన ఒక విద్యార్థి “ఆకాశమున గద్ద” అని మొదలుపెట్టి మూడు పాదాలు పంపారు. బాబూ, తేటగీతి పాదానికి మొదట సూర్యగణం ఉండాలి, అంటే గలమో (గురువు, లఘువు) నగణమో (మూడు లఘువులు) కావాలి. “ఆకా” రెండూ గురువులు కావడంతో పద్యం గడప దగ్గరే ఆగిపోయింది. “మింట నొక గద్ద దిరుగుచు మెల్ల మెల్ల” అని దిద్దుకుంటే భావం చెడకుండా గణాలు, మి-మె యతి రెండూ కుదురుతాయి. గద్ద రెక్క కదపకుండా గాలి మీద తేలుతూ సుళ్ళు తిరగడానికి “మెల్ల మెల్ల” సరిపోతుంది కూడా. మిగిలిన పాదాలు మీరే దిద్ది మళ్ళీ పంపండి.

ఒంగోలు సభ్యుని పూరణం:

పిడుగు వలె మింటి నుండియుఁ బిట్టు దూఁకి
పావురముఁ బట్టు గద్దకే భయము గలిగెఁ;
గాలమున వింత యిది యంచుఁ గనుచు నుండఁ
బిట్ట తరుమగ గద్దయె పెట్టె పరుగు.

నిర్వాహకుడు: ధార బాగున్నా, ఇందులో వర్ణించినది గద్దను కాదు. మింటి నుండి పిడుగులా పడేది భైరి అనే డేగ. రెక్కలు ముడుచుకుని కిందికి దూకేటప్పుడు దాని వేగం గంటకు 300 కిలోమీటర్లు దాటుతుంది. ఎగిరే పావురాన్ని గాలిలోనే కాళ్ళతో కొట్టి పట్టుకోవడం దాని పద్ధతి. దాని పైముక్కు అంచున పంటిలాంటి ఒక నొక్కు ఉంటుంది, పట్టిన పిట్ట మెడ ఎముకను దానితోనే విరుస్తుంది. మన ఊళ్ళపై తిరిగే గద్దకు ఆ నొక్కూ లేదు, ఆ దూకుడూ లేదు. చీలిన తోకను చుక్కానిలా అటూ ఇటూ తిప్పుతూ తేలి, చేపల బజారు వెనక పారేసిన పేగులనో, ఏమరుపాటున ఉన్న కోడిపిల్లనో తన్నుకుపోవడం దాని బతుకు. కాబట్టి మీ మొదటి రెండు పాదాలు చదివే వారికి కళ్ళ ముందు భైరి కనిపిస్తుంది, నాలుగో పాదంలో హఠాత్తుగా గద్ద వస్తుంది.

కందుకూరు నుండి ఒక విశ్రాంత తెలుగు పండితులు:

నిర్వాహకులకు నమస్కారం. చకోరం వెన్నెల తాగుతుందని, హంస పాలనూ నీళ్ళనూ వేరు చేస్తుందని రాసుకున్న జాతి మనది. కవికి పక్షిశాస్త్రంతో పని ఏమిటి? గద్ద, డేగ, సాళువ, భైరి, ఏది ఛందస్సులో ఇమిడితే దాన్ని వాడుకోవడం పూర్వుల నాటి నుండి ఉన్నదే కదా!

నిర్వాహకుడు: పండితులవారికి నమస్కారం. చకోరం వెన్నెల తాగడం కవిసమయం, అంటే కవులూ పాఠకులూ కలిసి తెలిసి చేసుకున్న ఒప్పందం. గద్ద పిడుగులా దూకుతుందన్నది అలాంటి ఒప్పందం కాదు, చూడకపోవడం వల్ల వచ్చిన పొరపాటు మాత్రమే. ఇక పూర్వుల మాట. 1485లో విజయనగర సింహాసనమెక్కిన నరసింహరాయల వంశానికి బిరుదుగా నిలిచిన “సాళువ” అంటే వేటకు పెంచే డేగ. గద్దను ముంజేతి మీద పెట్టుకుని వేటకు వెళ్ళే రాజు ఎవరూ ఉండరు కనుక, ఆ మాటను వంశనామం చేసుకున్నవారికి రెండింటి తేడా తెలియదనుకోలేం.

కథలలో కూడా మనవారు చూపు లేకుండా రాయలేదు. కిష్కింధకాండలో రెక్కలు కాలి కొండ మీద పడి ఉన్న సంపాతి, నూరు యోజనాల అవతల లంకలో ఉన్న సీతను అక్కడి నుండే చూసి వానరులకు చెబుతాడు. యోజనాల లెక్క కథది, కానీ ఎగరలేని ముసలి గృధ్రానికి (రాబందుకు) కూడా చూపును మాత్రం మిగిల్చిన కవి ఆ జాతిని శ్రద్ధగా గమనించాడు. భారతం అరణ్యపర్వంలో ఉశీనరుని దగ్గరికి వచ్చిన డేగ, శరణు చొచ్చిన పావురాన్ని ఇవ్వనన్న ఆ రాజుతో వాదనకు దిగి, “నా ఆహారాన్ని అడ్డుకుంటే నేనూ నా ఆలుబిడ్డలూ చస్తాం, ఒక ధర్మానికి అడ్డుపడే ధర్మం ధర్మమే కాదు” అంటుంది. ఆ డేగ ఇంద్రుడే అయినా, ఆ మాటలు మాత్రం ఆకలిగొన్న డేగవే. ఈ కథను మనం పిల్లలకు చెప్పేటప్పుడు రాజు పావురానికి బదులు తన తొడ కోసి ఇవ్వడం దగ్గర ఆగి, డేగ వాదనను వదిలేస్తాం. నాకు ఎప్పుడూ అది అన్యాయంగానే తోస్తుంది.

ఉదయగిరి సభ్యురాలి పూరణం:

తుమ్మ పంగన నేట్రింత దొప్ప వంటి
గూట పిల్లలఁ గాచుచుఁ గొంచెమైన
జంకు లేకయె వీఁపుపై ఝటితిఁ బొడువఁ
బిట్ట తరుమగ గద్దయె పెట్టె పరుగు.

“మా చేను గట్టు మీద రోజూ జరిగేదే రాశాను. దీన్ని సమస్య అని ఎందుకన్నారో మొదట నాకు అర్థం కాలేదు.”

నిర్వాహకుడు: అమ్మా, మీ చివరి వాక్యం చదివిన మరునాడు ఉదయం రంగనాయకుల గుడి వెనక పెన్న ఒడ్డుకు వెళ్ళి కూర్చున్నాను. గంటసేపు ఏమీ జరగలేదు. తరువాత కరెంటు తీగ మీది నుండి ఒక ఏట్రింత, కొందరు పసులపోలిగాడు అంటారే అదే, లేచి నేరుగా గద్ద కన్నా పైకి ఎక్కింది. జానెడు శరీరం, చేప తోకలా చీలిన నల్లని తోక. పై నుండి జారుతూ వచ్చి గద్ద రెక్కల మధ్య ఒక్క పోటు పొడిచి మళ్ళీ పైకి లేచింది. మూడోసారి గద్ద గాలిలోనే పక్కకు ఒరిగి, వెల్లకిలా తిరిగి గోళ్ళు చాపింది. అవి అందేలోగా ఏట్రింత తప్పుకుంది. చివరకు గద్ద రెక్కలు గట్టిగా కొట్టుకుంటూ అవతలి ఒడ్డు వైపు వెళ్ళిపోయింది. బరువైన పక్షి చటుక్కున మలుపు తిరగలేదు, పై నుండి వచ్చే దెబ్బకు దాని దగ్గర జవాబు లేదు. పోరాడి సంపాదించేది కూడా ఏమీ లేదు కనుక పోవడమే దానికి లాభం.

ఇక పద్యం. గూటిని దొప్పతో పోల్చడం నేను చూసిన పూరణాలలో మేలైన ఉపమానం, తు-దొ యతి కూడా దానంతటదే పడింది. మూడో పాదంలోని “ఝటితి” అనే సంస్కృత పదం మాత్రం తుమ్మ, పంగ, దొప్ప, జంకు అనే ఇంటి మాటల మధ్య అన్నంలో రాయిలా తగులుతోంది. “జంకు లేకయె వీఁపుపై జారి పొడువ” అంటే యతి చెడదు. పైగా ఏట్రింత కదలిక ఉన్నదున్నట్టు కనిపిస్తుంది. ఒప్పుకుంటారా?

ఉదయగిరి సభ్యురాలు: ఒప్పుకున్నాను, “జారి” నాకు తట్టి ఉండవలసింది.

అద్దంకి సభ్యుని పూరణం:

చిలుక చుట్టమ్ము పిచ్చుకల్ చెలులు దనకు,
భైరి గద్దల జాతికి బయటి దయ్యె;
గూటి దరిఁ జేర నోర్వక గోళ్ళఁ జఱవఁ
బిట్ట తరుమగ గద్దయె పెట్టె పరుగు.

“2008లో వెలువడిన జన్యు పరిశోధన ప్రకారం భైరి, లగుడు వంటి డేగలు గద్దలకు దగ్గరి చుట్టాలు కావు, చిలుకలకూ పిచ్చుకలకూ దగ్గరివి. అందుచేత సమస్యలోని పిట్ట భైరియే అని నా పూరణం.”

నిర్వాహకుడు: ఇది నేను ఊహించని విరుపు. ఒంగోలు మిత్రుని పద్యంలో గద్ద వేషం వేసుకున్న భైరి ఇక్కడ తన చోటికి తాను వచ్చింది. కొక్కెపు ముక్కూ వాడి గోళ్ళూ ఉన్నా భైరీ గద్దా రెండు వేరు వేరు కుదుళ్ళవన్న శాస్త్ర విషయాన్ని నాలుగు పాదాలలో పెట్టి, “పిట్ట” అన్న మాటనే తిరగేశారు. గద్ద ఎందుకు పారిపోయిందన్న ప్రశ్నకు బదులు పిట్ట ఎవరన్న ప్రశ్న వేయడం అసలైన చమత్కారం.

కందుకూరు పండితులు: పూరణం నాకు నచ్చింది. నా ముందటి మాటను కొంత వెనక్కి తీసుకుంటున్నాను. అయితే నిర్వాహకుల పద్ధతిలోనే ఒక ప్రశ్న: భైరి గూడు కడుతుందా?

నిర్వాహకుడు: పట్టుకున్నారు! భైరి పుల్లలు ఏరి గూడు అల్లదు. కొండ చరియ మీది మట్టిలో ఛాతీతోనూ కాళ్ళతోనూ చిన్న గుంట చేసి అందులో గుడ్లు పెడుతుంది. అద్దంకి మిత్రులు అనుమతిస్తే మూడో పాదాన్ని “గుట్ట చరియకు రానీక గోళ్ళఁ జఱవ” అని మారుద్దాం. గు-గో యతి నిలుస్తుంది, గూడు లేని పక్షికి గూడు అంటగట్టిన దోషమూ పోతుంది.

అద్దంకి సభ్యుడు: సంతోషంగా మార్చుకుంటున్నాను. “గుట్ట” రావడంతో గద్ద ఎంత ఎత్తు నుండి దిగిపోవలసి వచ్చిందో కూడా తెలుస్తోంది.

నిర్వాహకుడు: ఈ వారం మొదటి స్థానం ఎవరిదని ఇద్దరు అడిగారు. చమత్కారానికి అద్దంకి పూరణం, చూపుకు ఉదయగిరి పూరణం; ఒక్కటే ఎంచుకోవాలంటే నేను ఉదయగిరి వైపు మొగ్గుతాను, ఎందుకంటే అసంభవమని నేనిచ్చిన పాదం ఆ చేనిగట్టు మీద మామూలు సంగతి అని ఆ పద్యం నాకు చెప్పింది. సమస్య ఇచ్చేవాడు కూడా ఒకసారి తలెత్తి చూసి ఇవ్వవలసింది.

వచ్చే వారం సమస్య, ఇదీ తేటగీతియే: “పెంటి ముందరఁ బోతయ్యెఁ బిల్ల వోలె”. డేగలలో ఆడది మగదాని కన్నా పెద్దదన్న సంగతి తెలిసినవారికి ఇది సులువుగానే కనిపిస్తుంది, కనుక పద్యంలో డేగ పేరు రాకుండా దాన్ని చూపించాలన్నది అదనపు నియమం. కలలకు ఈసారి అనుమతి లేదు.