సమస్యాపూరణం: సగము విడిచినపుడె సంతసంబు

అతిథి సగం వదిలేసి లేస్తే వడ్డించిన ఇల్లాలి మనసు చివుక్కుమంటుంది. మరి సంతోషం ఎక్కడిది? మంగళగిరి పానకాలస్వామిని తలచుకొని ఆటవెలదిలో పూరించండి.

మొదటి పూరణ:

గుటక గుటక మనుచు కొండపై నరహరి
శంఖ మెత్తి పోయ చవిగ నాని
పానకంబు సగము భక్తుల కిడునయ్య
సగము విడిచినపుడె సంతసంబు

నిర్వాహకుడు: ధార బాగుంది. ‘శంఖ మెత్తి పోయ’ అనగానే గర్భాలయం కళ్లకు కట్టింది. అక్కడ నిలువెత్తు విగ్రహం లేదు, తెరచిన నోరే. అర్చకులు శంఖంతో పోస్తూ ఉంటే గుటకల చప్పుడు వినిపిస్తుంది. అది ఆగిందంటే మిగిలింది మనకు ప్రసాదం. రెండో పాదంలో శ–చ యతి (పాదం మొదటి అక్షరానికి నడుమ కుదరాల్సిన అక్షరమైత్రి) చెల్లుతుంది, సందేహం వద్దు.

రెండవ పూరణ:

బెల్ల మొలికి పడిన బిలములో నొక చీమ
కానరాదు కొండ కడుపులోన
ఎవరు త్రాగి రనుచు నెదలోన నడుగకు
సగము విడిచినపుడె సంతసంబు

నిర్వాహకుడు: అమ్మా, ‘కొండ కడుపు’ ఎంతో నచ్చింది. కానీ మూడో పాదానికి సమస్య అతకలేదు. చీమ పట్టని వింత ఎవరైనా చెబుతారు, ఈ క్షేత్రానికి ప్రాణం ఆ వింత కాదు, పంచి ఇవ్వడం. మూడో పాదాన్ని ఇలా మార్చి చూడండి:

ఎంత పోసిరేని యెంగిలి మనకిచ్చి

కవయిత్రి: గురువుగారూ, సవరణ శిరోధార్యం. స్వామి విషయంలో ‘ఎంగిలి’ అనవచ్చునా?

నిర్వాహకుడు: నిస్సంకోచంగా. పోసిన చేతికే తిరిగి ఇచ్చే దేవుడమ్మా ఆయన. ఆ చనువు పద్యంలోకి రావాలి.

మూడవ పూరణ:

అమృతమె కృతమందు, నాజ్యంబు త్రేతలో,
పాలు ద్వాపరమున, పానకంబు
కలిని, యుగము మారె, కరుణ మారదు తండ్రి
సగము విడిచినపుడె సంతసంబు

నిర్వాహకుడు: ఈ వారం నా మనసు దోచిన పూరణ ఇదే! నముచి అనే రాక్షసుణ్ని సంహరించాక ఉగ్రం చల్లారడానికి దేవతలు అమృతం ఇస్తే స్వామి సగమే పుచ్చుకున్నాడని స్థలపురాణం. నాలుగు యుగాల నైవేద్యాన్నీ రెండున్నర పాదాల్లో ఇమిడ్చి, ‘మారె, మారదు’ అని నిలిపారు. ఒక్క లోపం: ‘తండ్రి’ని సంబోధన అనుకుంటే సంతోషం ఎవరిదో తేలదు. అది సరిచూడండి.

వచ్చే వారం సమస్య కూడా ఆ కొండమీదిదే. శిఖరాన గండాల నరసింహుడి దగ్గర దీపమే తప్ప ప్రతిమ లేదు కదా:

మూర్తి లేని స్వామి మోము జూచె