జర్మనీకి వస్తున్నావా? టొరెంట్ జోలికి పోకు

ప్రశ్న:
అందరికీ నమస్తే. మాది కూకట్‌పల్లి. మాస్టర్స్‌కి వచ్చే నెల మ్యూనిక్ వస్తున్నాను. అక్కడ టొరెంట్‌లో సినిమా దింపితే జరిమానా పడుతుందంటున్నారు, నిజమేనా? వీపీఎన్ ఉంటే సరిపోతుందా?

ఫ్రాంక్‌ఫర్ట్ నుంచి ఒక అక్క:
నిజమే తమ్ముడూ. పోలీసులు రారు, లాయర్ ఉత్తరం వస్తుంది. ఆబ్‌మానుంగ్ అంటారు. టొరెంట్‌లో సినిమా దిగుతున్నంతసేపూ దాని ముక్కలు నీ లాప్‌టాప్ నుంచి వేరేవాళ్లకి వెళ్తుంటాయి, అంటే నువ్వే పంచిపెట్టినట్టు లెక్క. సినిమా హక్కుదారుల మనుషులు నీ ఐపీ అడ్రస్ (నెట్ కనెక్షన్‌ని గుర్తుపట్టే నంబరు) పట్టుకుని, కోర్టు ఆర్డర్‌తో నెట్ కంపెనీ నుంచి పేరు రాబడతారు. ఒక్క సినిమాకే వందల యూరోలు అడుగుతారు. ఆ పేరు కనెక్షన్ తీసుకున్నవాళ్లది. కనెక్షన్ రూమ్మేట్ పేరు మీదుంటే, నువ్వు సినిమా దింపినా కవరు రూమ్మేట్‌కి వస్తుంది. కొత్తగా చేరిన ఇంట్లో ఈ టెన్షన్ నీకు అవసరమా?

ఫ్లైట్ ఎక్కేముందే టొరెంట్ సాఫ్ట్‌వేర్ తీసేయ్. లాప్‌టాప్ ఆన్ చేయగానే అది దానంతటదే లేచి పాత ఫైళ్లు పంచడం మొదలుపెట్టొచ్చు. పాప్‌కార్న్ టైమ్ లాంటి యాప్‌లు పైకి స్ట్రీమింగ్, లోపల టొరెంటే. వీపీఎన్ అంటే నీ ఐపీని దాచే సర్వీసు, అది మధ్యలో తెగితే అసలు ఐపీ బయటపడొచ్చు, దాన్ని నమ్ముకోకు. దొంగ సైట్ అని తెలిసీ అందులో స్ట్రీమింగ్ చూడటం కూడా ఉల్లంఘనేనని 2017లో యూరోపియన్ యూనియన్ కోర్టు తేల్చేసింది.

ఖర్మకాలి ఉత్తరం వస్తే చెత్తబుట్టలో వేయొద్దు, దానికి జతచేసిన, ఇకపై చేయనని రాసిచ్చే హామీపత్రం మీద గుడ్డిగా సంతకమూ పెట్టొద్దు. చాలా యూనివర్సిటీల్లో విద్యార్థి సంఘం తరఫున ఉచిత న్యాయ సలహా దొరుకుతుంది, ముందు అక్కడికి వెళ్లు.

బెర్లిన్ నుంచి ఇంకొకరు:
బ్రో, పైరసీ సైట్ ఐబొమ్మ కేసులో 2025 నవంబరులో అరెస్టు జరిగింది మీ కూకట్‌పల్లిలోనే. ఆ సైట్ జనాన్ని బెట్టింగ్ యాప్‌ల వైపు మళ్లించిందని పోలీసులు చెప్పారు. నాకైతే ఇలాంటి సైట్లు అంటగట్టే ఏపీకే ఫైళ్లంటేనే (ప్లేస్టోర్ బయట నుంచి ఫోన్‌లో వేసుకునే యాప్‌లు) ఎక్కువ భయం. నీ ఇండియా సిమ్‌కే బ్యాంక్ ఓటీపీలు వస్తాయి కదా, అలాంటి యాప్‌కి ఎస్సెమ్మెస్ పర్మిషన్ ఇచ్చావంటే లోన్ డబ్బులు గోవిందా.

చూడాలంటే దారులున్నాయి. జస్ట్‌వాచ్‌లో దేశం జర్మనీ అని పెట్టి సినిమా పేరు కొట్టు, ఎక్కడుందో చెప్తుంది. ఇండియా ప్రైమ్, నెట్‌ఫ్లిక్స్‌లో ఉన్నవన్నీ ఇక్కడ ఉండవు. సన్ నెక్స్ట్ విదేశాల్లోనూ నడుస్తుంది. పాత సినిమాలు బోలెడు యూట్యూబ్‌లో హక్కులున్న ఛానళ్లే పెట్టాయి. పెద్ద హీరో సినిమా అయితే మ్యూనిక్‌లో థియేటర్‌లోనే పడుతుంది, ఇంగ్లిష్ సబ్‌టైటిల్స్‌తో. షోలు తక్కువ కాబట్టి ఊళ్లోని తెలుగువాళ్ల వాట్సాప్ గ్రూపులో ముందే చేరు.