బ్యాలేను ప్రయోగాత్మక లఘుచిత్రంగా మలచడం: మీ అనుభవాలు తెలుపగలరు

తెరచాటు: నాలుగు నిమిషాల బ్యాలే నృత్యం ఒకదాన్ని లఘుచిత్రంగా తీయబోతున్నాను. వేదిక మీద చేసినదాన్ని ఉన్నదున్నట్టు తీయాలా, కెమెరా కోసం నృత్యాన్నే తిరిగి కూర్చుకోవాలా అన్నది తేల్చుకోలేకపోతున్నాను.

కత్తెరపని: తిరిగి కూర్చుకోవడమే మేలండి. బ్యాలే భంగిమలు చాలావరకు ఎదురుగా కూర్చున్న ప్రేక్షకుడి కోసం తీర్చినవి కాబట్టి, కెమెరా పక్కకు జరగగానే వాటి సొగసు చెదిరిపోతుంది. అయితే వేదికకు చేతకానిది కూర్పులో, అంటే ఎడిటింగ్‌లో, సాధ్యమవుతుంది. ప్రయోగాత్మక చిత్రాల దర్శకురాలు మాయా డెరెన్ 1945 నాటి ‘ఎ స్టడీ ఇన్ కొరియోగ్రఫీ ఫర్ కెమెరా’లో నర్తకుడు టాలీ బీటీ అడవిలో ఎత్తిన కాలు ఇంటి గదిలో నేలకు దిగుతుంది. నేనూ ఒక గ్రాండ్ జెటేను (గాలిలో కాళ్లు బారచాపే పెద్ద గెంతు) ఇలాగే రెండు చోట్ల తీసి అతికించాను. అతుకు తెలియకూడదంటే, నర్తకి రెండు చోట్లా గెంతును మొదటి నుంచి చివరిదాకా పూర్తిగా చేయాలి. పాదం నేల విడిచిన తరువాత, శరీరం పైకి లేస్తుండగానే కోయాలి. కాళ్లు ఎంత చక్కగా కలిసినా, చేతుల ఎత్తులోనో మెడ వాలులోనో తేడా వస్తే చూసేవారి కన్ను ఇట్టే పట్టేస్తుంది.

మునివేళ్లు: నర్తకిగా ఒక్క అభ్యంతరం చెబుతాను. దర్శకులు పాదాల క్లోజప్‌ల మీద మోజు పడతారు గానీ, మునివేళ్ల మీద నిలిచే బలం నడుము, వీపుల నుంచి కూడా వస్తుంది. ఆ శ్రమను ఒక్కసారైనా నిలువెత్తు షాట్‌లో చూపకపోతే పాదాలు వట్టి అలంకారంగా మిగిలిపోతాయి. మరొకటి, కాంక్రీటు నేల మీద గెంతులు చేయించకండి. లైట్లు సర్దేలోపు ఒళ్లు చల్లబడుతుంది కనుక, ప్రతి విరామం తరువాతా మళ్లీ వేడెక్కడానికి సమయం ఇవ్వండి.

నిదానం: స్లో మోషన్ విషయంలో కొంత నిగ్రహం అవసరం. సెకనుకు 120 ఫ్రేములతో తీసి 24తో చూపితే కదలిక ఐదింతలు నెమ్మదిస్తుంది, తాళం పూర్తిగా తప్పుతుంది. 48 ఫ్రేములతో తీస్తూ, సెట్‌లో పాటను రెట్టింపు వేగంతో వినిపిస్తే తెరపై అడుగు తాళానికే పడుతుంది, శరీరానికి మాత్రం వింత తేలికదనం వస్తుంది. నర్తకికి అది కష్టమే కాబట్టి చిన్న ఖండాలుగా తీయండి. దర్శకుడు నార్మన్ మెక్‌లారెన్ 1968లో ‘పా ద దూ’ అనే బ్యాలే లఘుచిత్రం తీసినప్పుడు నల్లని నేపథ్యంలో పక్క వెలుగుతో దేహాల అంచులనే పట్టి, ఆప్టికల్ ప్రింటర్ (ఫిల్మును ఫ్రేము ఫ్రేముగా తిరిగి ముద్రించే యంత్రం) మీద ఒకే కదలికను పలుమార్లు ముద్రించారు. ఇప్పుడు ఆ పొరలను కంప్యూటర్‌లోనే పేర్చవచ్చు. కెమెరా మాత్రం కదలకూడదు.

తెరచాటు: పాయింట్ షూల (మునివేళ్ల మీద నిలిచేందుకు వేసుకునే గట్టి కొనల బ్యాలే చెప్పుల) చప్పుడును ఉంచాలా, తీసేయాలా?

కత్తెరపని: ఉంచండి. పాట లేకుండా నర్తకి చేత అవే అడుగులు మరోసారి వేయించి, మైకును నేలకు దగ్గరగా పెట్టి విడిగా రికార్డు చేసుకుంటే, ఎక్కడ వినిపించాలో కూర్పులో నిర్ణయించుకోవచ్చు.